జిగురు లేని పందిరి

మరిది చేతిలో పైపులు కోసే హ్యాక్సా బ్లేడు కనపడితే చాలు, ఇల్లాలికి ఎడమ కణతలో ఒక నరం లేచి కూర్చునేది. అతను ఇంతవరకూ చేసిన వస్తువులన్నీ ఆమె ఇంట్లోనే ఉన్నాయి మరి. ప్లాస్టిక్ పైపులతో చేసిన చెప్పుల స్టాండు ఒకటి. దాని మీద చెప్పులు పెడితే అది వినయంగా ముందుకు వంగి, పెట్టిన చెప్పుల్ని పెట్టినవాళ్ళ కాళ్ళ దగ్గరికే తిరిగి పంపించేది. బట్టలు ఆరేసుకునే స్టాండు ఇంకొకటి. దాని మీద పొడిబట్టలు మాత్రమే ఆరేయాలి. తడిబట్టలు వేస్తే కూలుతుందని అతనే చెప్పాడు, తప్పంతా తడిదే అన్నట్టు.

మరిది బీమా ఆఫీసులో కంప్యూటరు ముందు కూర్చుంటాడు. పెళ్ళి కాలేదు, వెనక గదిలో ఉంటాడు. సాయంత్రాలు ఫోన్లో, ఎవరెవరో ఏవేవో తయారుచేసే వీడియోలు చూస్తాడు. చూసినవాటిలో సగం అర్థం చేసుకుని, అర్థం కాని సగాన్ని సొంత తెలివితో పూరిస్తాడు. కూలేది ఎప్పుడూ ఆ సొంత సగమే. వీధిలోవాళ్ళు అతన్ని ‘పైపుల ఇంజనీరు’ అంటారు. అది వెక్కిరింపని అతనికి ఇంకా తెలియదు. వదినకి అతను చాటుగా పెట్టిన పేరు ‘కొలబద్ద’. ఆ సంగతి మాత్రం ఆమెకి ఎప్పుడో తెలుసు. తెలిసి నొచ్చుకోలేదు కూడా. ఆ ఇంట్లో కొలత తెలిసినది ఏదో ఒకటి ఉండాలి కదా అనుకుంది.

అసలు రోగం మరిదిది కాదు, వంశానిది. మామగారు బతికున్న రోజుల్లో ఊళ్ళు మారే ఉద్యోగం. అద్దె ఇల్లు ఖాళీ చేసేటప్పుడు ఆయన గోడలకి కొట్టిన మేకులన్నీ పీకి, గచ్చు మీద పెట్టి సుత్తితో తిన్నగా చేసి, రేకు డబ్బాలో వేసుకుని మరీ బండెక్కేవాడట. కొన్నాళ్ళకి ఆ పీకే శ్రమ ఎందుకని కొట్టడమే మానేశాడు. ఆ డబ్బా ఇప్పటికీ అటక మీద ఉంది. కొడుకులిద్దరూ మేకులు కొట్టని ఇళ్ళలోనే పెరిగారు. అందుకే, ఈ ఇంట్లోకి వచ్చి తొమ్మిదేళ్ళయినా, అద్దం కుర్చీలో కూర్చునే ఉంది. గడియారం మంచినీళ్ళ బిందెకి వీపు ఆనించి నిలబడి ఉంది. బిందె కదిపిన ప్రతిసారీ అది వెల్లకిలా పడి, కాసేపు పైకప్పుకి టైము చెబుతుంది. ఆమె డిగ్రీ పట్టా ఫ్రేము ఆ కుర్చీలోనే, అద్దం వెనకాల. రోజూ అద్దంలో మొహం చూసుకుంటున్నప్పుడు దాని వెనక తన చదువు ఉందన్న సంగతి ఆమెకొక్కదానికే గుర్తు.

పిల్లల పెంపకం గురించి చదివిన చదువది. కూతురు పెద్ద బడికి వెళ్ళాక ఇంట్లో మధ్యాహ్నాలు బావిలా లోతుగా తయారయ్యాయి. ముందు గదిలో ఉద్యోగాలు చేసుకునే తల్లుల పిల్లల్ని చూసుకునే చోటు ఒకటి పెడతానని ఆమె అన్నది. ఒక్కసారే అన్నది. రెండోసారి అనేటప్పటికి గది కడిగి, గోడలకి చేయి అందే ఎత్తు దాకా కాగితాలు అంటించి, పలకలు కొని తెచ్చింది. మేడ మీదుండే, ఇల్లు అద్దెకిచ్చిన ఇంటావిడ రెండు షరతులు పెట్టింది. గోడకి ఒక్క చిల్లు పడకూడదు. ఆదివారం చూడటానికి వస్తామన్న తల్లులు ఒప్పుకోకపోతే ముందు గది తనకి ఇచ్చేయాలి. వాళ్ళ అక్క కొడుకు రంగు డబ్బాలు పెట్టుకుంటాడట.

చూడటానికి వచ్చేది ఇద్దరే. పెద్దాసుపత్రిలో పనిచేసే నర్సు ఒకావిడ, కవలపిల్లల తల్లి ఒకావిడ. వాళ్ళు సరేనంటే వీధిలో మిగతావాళ్ళు వెనకే వస్తారు. పెదవి విరిస్తే ఆమె పలకల మీదకి రంగు డబ్బాలు వస్తాయి.

ఒక్కటే చిక్కు. ఇంటి ముందు గచ్చు పడమటి ఎండకి పెనంలా కాలుతుంది. పిల్లలు ఆడుకోవాలంటే నీడ కావాలి. గోడకి తగలకుండా తన కాళ్ళ మీద తాను నిలబడే ఇనప పందిరి చేయిద్దామని, వెల్డింగు అతన్ని పిలిపించమని ఆమె భర్తని అడిగింది.

భర్త పేపరు దించకుండానే, “బయటివాడెందుకే, ఇంట్లో ఇంజనీరు ఉండగా?” అన్నాడు.

వెనక గదిలోంచి ఇంజనీరు చెవులు అప్పటికే బయటికొచ్చాయి. వాటి వెనక తను కూడా వచ్చాడు. “ఇనుమా? వదినా, నువ్వింకా పాతకాలంలో ఉన్నావు. ఇనుము తుప్పు పడుతుంది. పైపు పట్టదు.”

“పైపు తుప్పు పట్టదు సరే. నిలబడుతుందా?” అంది ఆమె.

“నిలబడటం అనేది బ్యాలెన్సు మీద ఆధారపడి ఉంటుంది.”

“చెప్పుల స్టాండు కూడా దాని మీదే ఆధారపడింది.”

“అది మొదటి మోడల్,” అన్నాడు అతను, మహా ఓపికగా, మందబుద్ధికి పాఠం చెబుతున్నట్టు.

మర్నాడు సాయంత్రానికి గచ్చంతా పైపులు. ఆమె గుమ్మంలో నిలబడి చూసింది. అతను మొదటి కాలు టేపుతో కొలిచాడు. రెండోది మొదటిదాని పక్కన పెట్టి కోశాడు. మూడోది రెండోదాని పక్కన, నాలుగోది మూడోదాని పక్కన. ఒకరి చెవిలో చెప్పిన మాట ఇంకొకరి చెవిలోకి వెళుతూ పెరిగినట్టు, కాళ్ళు కూడా ఒకదాన్ని మించి ఒకటి పెరిగాయి. నాలుగూ నిలబెడితే పందిరి ఒక పక్కకి తల వాల్చి, ఏదో గుర్తు తెచ్చుకుంటున్నట్టు నిలబడింది.

“పొట్టి కాలు కింద అట్టముక్క మడిచి పెడితే సరిపోతుంది,” అన్నాడు భర్త, తన వంతు సాయంగా. పొద్దున్నుంచీ అతను చేసిన పని అదొక్కటే. అన్నదమ్ములిద్దరూ ఒకరి పనిని ఒకరు మెచ్చుకుంటుంటే, కాకిపిల్ల కాకికి ముద్దన్న సామెతలో కాకులు రెండున్నాయని ఎవరూ ఎందుకు చెప్పలేదో అనుకుంది ఆమె.

కాళ్ళు ఖాళీ రంగు డబ్బాల్లో పెట్టి ఇసుక పోశారు. దానికి మాత్రం ఆమె వంక పెట్టలేదు. పైన నాలుగు మూలల్లోనూ మూడు మూతుల ముక్కలు. ఒక మూతిలోకి కాలు, మిగతా రెండిట్లోకి అడ్డపైపులు దూర్చాడు. దూర్చి, అరచేత్తో రెండు దెబ్బలు వేసి, చేతులు దులుపుకున్నాడు.

“సొల్యూషన్ వేయవా?” అంది ఆమె.

పైపులు అంటించే ఆ జిగురు డబ్బా కొత్తది, సీలు తీయనిది, అప్పటికే ఇంట్లో ఉంది. ఫ్రిజ్ తలుపులో, పాల ప్యాకెట్ పక్కన. ‘చల్లని చోట ఉంచవలెను’ అని దాని మీద రాసి ఉందట. మూడేళ్ళ కిందట చెప్పుల స్టాండు కోసం కొన్నది అలాగే చల్లగా ఉంది.

“జిగురు వేస్తే ఇక విప్పలేం వదినా!”

“విప్పడం ఎందుకు?”

మరిది అన్న వైపు చూశాడు. అన్న తమ్ముడి వైపు చూశాడు. ఇంత చిన్న విషయం ఈవిడకి తెలియదేమిటన్నట్టు ఇద్దరి మొహాల్లోనూ ఒకటే జాలి.

“రేపు ఇల్లు మారితే?” అన్నాడు భర్త. “విప్పేసి, కట్టగట్టి తీసుకుపోవచ్చు.”

“ఎక్కడికి మారుతున్నాం?”

“ఎక్కడికీ కాదు. మారితే, అంటున్నా.”

“తొమ్మిదేళ్ళనుంచీ అంటున్నారు.”

“అంచేత జాయింటు అనేది ఎప్పుడూ పొడిగా ఉండాలి,” అని ముగించాడు మరిది. “అసలు జిగురు పెట్టడమంటే, మన కొలత మీద మనకే నమ్మకం లేదని ఒప్పుకోవడం.”

అట్టముక్క మీద నిలబడ్డ కాలి వైపు ఆమె చూసింది. కొన్ని మాటలకి జవాబు చెబితే వాటికి గౌరవం ఇచ్చినట్టవుతుంది.

మూడో రోజు పైకప్పు వచ్చింది. స్నేహితుడి ఆఫీసు నుంచి మరిది ఊరికే తెచ్చాడు, వాడి పారేసిన ఫ్లెక్సీ. పళ్ళ డాక్టరు ప్రకటన. ఒక ఆడమనిషి నోరంతా తెరిచి నవ్వుతోంది. నవ్వే తప్ప మొహంలో ఇంకేదీ పెద్దగా లేదు. ఒక్కో పన్ను పిల్లలు రాసుకునే పలకంత ఉంది. దాన్ని పరిచేసరికి మేడ మీదనుంచి ఇంటావిడ కేక వేసింది.

“ఏమయ్యా ఇంజనీరూ! పొద్దున్నే లేచి కిటికీ తీస్తే నాకు ఈ పళ్ళా కనపడాలి?”

“తిరగేస్తానండీ, తెల్లవైపు మీకు.”

“మరి పళ్ళు?”

“పళ్ళు కిందివాళ్ళకి.”

“కిందివాళ్ళ ఇష్టం. నా గోడ జాగ్రత్త.” కిటికీ మూసుకుంది.

అలా నవ్వు మొహం కిందకి తిరిగింది. అప్పట్నుంచి పందిరి కింద నిలబడి పైకి చూస్తే, ఎవరో మనల్ని మింగబోతూ ఆఖరి నిమిషంలో మర్యాద గుర్తొచ్చి ఆగినట్టు ఉండేది. ఆమె ఒకసారి చూసింది. తరవాత చూడటం మానేసింది. బొమ్మని పిల్లలు ఏదో ఒకటి చేసుకుంటారు, దానితో ఆమెకి పేచీ లేదు. ఆమె చూస్తున్నది వేరే. ఫ్లెక్సీని మరిది నాలుగు వైపులా ప్లాస్టిక్ పట్టీలతో బల్లపరుపుగా బిగించాడు.

“వాలు ఏదీ?” అని అడిగింది.

“వాలు పెడితే అందం పోతుంది.”

“వాన పడితే నీళ్ళు ఎటు పోతాయి?”

“వాన లేదు. ఫోన్లో చూశా, ఈ వారమంతా ఎండే.”

“ఫోన్లో లేకపోతే రాదా?”

భర్త విసుక్కున్నాడు. “నీకు ప్రతిదాంట్లో లోపాలే కనపడతాయి. వాడు పాపం ఒళ్ళు హూనం చేసుకుని నీ కోసం చేస్తుంటే, ఒక్క మంచి మాట అనవు. అది కూలితే అప్పుడను.”

“కూలాక అనడానికి నేనెందుకు? చప్పుడే చెబుతుంది,” అని లోపలికి వెళ్ళిపోయింది.

లోపలికి వెళ్ళి, ఫ్రిజ్ తీసి, ఆ జిగురు డబ్బా వైపు కాసేపు చూసింది. వాళ్ళిద్దరూ ఆఫీసులకి వెళ్ళాక, బల్ల ఎక్కి నాలుగు మూలలూ ఊడదీసి జిగురు రాసి మళ్ళీ దూర్చడం ఎంతసేపు? ఎవరికీ తెలియను కూడా తెలియదు. కానీ ఆ పందిరి నిలబడిపోతే ఏమవుతుందో ఆమెకి కళ్ళకి కట్టినట్టు కనపడింది. నిలబెట్టిన పేరు మరిదిది అవుతుంది. రేపు ఈ ఇంట్లో మంచాలు పైపులు, కుర్చీలు పైపులు, తనూ ఒక పైపు. ఆమె ఫ్రిజ్ తలుపు వేసేసింది. అయితే, ఆదివారం పిల్లలకి ఆ పందిరి కింద చాప వేయకూడదని ఆ క్షణమే తేల్చుకుంది. చాప, బొమ్మలు, బిస్కెట్లు, అన్నీ ముందు గదిలోనే సర్దింది. ఆపైన పెన్సిలు తీసుకుని బల్లెక్కి, ప్రతి పైపూ మూలముక్కలోకి దూరిన చోట, సరిగ్గా అంచుకి, సన్నటి గీత గీసింది. గీత అంచుకి అంటుకుని ఉన్నంతసేపూ పైపు ఉన్నచోటే ఉన్నట్టు. గీతకీ అంచుకీ మధ్య తెల్లగా సందు కనపడిందంటే జారుతున్నట్టు.

శనివారం గీతలు అంచునే ఉన్నాయి. మరిది వీధిలో కనపడ్డ ప్రతివాణ్ణీ లోపలికి పిలిచి పందిరి చూపించాడు. ఇస్త్రీ అతను వచ్చి, పైకి చూసి, ఉలిక్కిపడి, “బాగుందండీ,” అని బయటికి నడిచాడు.

ఆదివారం మధ్యాహ్నం, ఫోన్లో లేని వాన వచ్చింది. ఎక్కువసేపు పడలేదు. మబ్బుకి కూడా ఏదో పనున్నట్టు గబగబా కుమ్మరించి వెళ్ళిపోయింది. కడిగిన గచ్చు మీద మళ్ళీ ఎండ పడింది. ఆమె బయటికి వచ్చి చూసింది. ఫ్లెక్సీ మధ్యలో నీళ్ళు నిలిచి, కుండలా కిందకి దిగాయి. నవ్వే ఆడమనిషి నోరు ఉబ్బి, పళ్ళు ముందుకు పొడుచుకొచ్చాయి. అడ్డపైపులు రెండూ విల్లులా వంగాయి. వీధివైపు మూలలో పెన్సిలు గీతకీ అంచుకీ మధ్య గోరంత తెలుపు.

“చీపురుకర్రతో కింద నుంచి పొడిచి ఆ నీళ్ళు వంపేయండి,” అంది భర్తతో.

భర్త లేవబోయాడు. మరిది ఆపాడు. అతను ఇస్త్రీ చొక్కా వేసుకుని, తల దువ్వుకుని, వచ్చేవాళ్ళకి పందిరి గురించి చెప్పడానికి సిద్ధంగా ఉన్నాడు. “పొడిస్తే ఫ్లెక్సీ చిరుగుతుంది. అయినా ఆ బరువు ఉండటమే మంచిది. నాలుగు కాళ్ళకీ సమానంగా పంచుకుని పందిరి ఇంకా గట్టిపడుతుంది.”

“ఆ మూల చూడు ఒకసారి.”

“వదినా, ఇవాళ ఒక్కరోజు కొలబద్ద పక్కన పెట్టు.”

భర్త మళ్ళీ కూర్చున్నాడు. చాటుగా పెట్టిన పేరు మొహం మీద అనేశానని మరిదికి తెలియను కూడా తెలియలేదు.

తల్లులిద్దరూ ఒకేసారి వచ్చారు. నర్సు సన్నగా, పొడుగ్గా, మాట్లాడే ముందు మనిషిని తలనుంచి కాళ్ళదాకా చదివే రకం. ఆవిడ చేతిలో నాలుగేళ్ళ కొడుకు చెయ్యి గట్టిగా ఇరుక్కుని ఉంది. వదిలితే వాడు ఎక్కడుంటాడో ఆవిడకి తెలుసు కాబోలు. కవలల తల్లి బొద్దుగా, ఆయాసపడుతూ, ఇద్దరు ఆడపిల్లల్ని రెండు సంచుల్లా మోసుకొచ్చింది. దింపీ దింపగానే పిల్లలు ముగ్గురూ పందిరి కిందకి పరుగెత్తి, తలలెత్తి, పళ్ళు చూసి, అరిచారు. భయంతో కాదు, ఆనందంతో.

“అమ్మా! నోరు!”

“మింగేస్తుంది!”

“నన్ను ముందు!”

మరిది గొంతు సవరించుకున్నాడు. “ఇది పూర్తిగా నా డిజైనండీ. గోడకి ఒక్క మేకు లేదు. ఒక్క చుక్క జిగురు లేదు. కావాలంటే పది నిమిషాల్లో విప్పేయొచ్చు.”

“పది నిమిషాలు పడుతుందా?” అంది ఇల్లాలు.

అతను దాన్ని మెచ్చుకోలుగా తీసుకుని తలాడించాడు. ఆమె చూపు మాత్రం వీధివైపు మూల మీదే ఉంది. గోరంత తెలుపు ఇప్పుడు వేలి వెడల్పు. చూస్తుండగానే ఇంకొంచెం. కింద ముగ్గురు పిల్లలు, ఇద్దరు తల్లులు. ‘పరుగెత్తండి’ అని అరిస్తే పిల్లలు ఆగిపోయి అరిచినవాళ్ళ మొహం చూస్తారు. అది ఆమె చదువుకుంది, కూతుర్ని పెంచి నేర్చుకుంది కూడా. అందుకని గొంతు పెంచలేదు, తగ్గించింది.

“లోపల రంగు సుద్దముక్కలున్నాయి. ముందు వచ్చినవాళ్ళు ముందు ఏరుకోవచ్చు. తరవాత వచ్చినవాళ్ళకి తెల్లవే.”

పళ్ళావిడ ఒక్క క్షణంలో ఓడిపోయింది. ముగ్గురూ చెప్పులు విడిచింది లేదు, గడప చూసింది లేదు, గది వైపు పరుగు తీశారు. నర్సు కొడుకు మాత్రం సగంలో ఆగి, వీధి గేటు వైపు ఒక్క గెంతు వేయబోయాడు. ఇల్లాలు వాణ్ణి నడుం దగ్గర పట్టుకుని, మాట లేకుండా ఎత్తి గడప లోపల దింపింది. “మీరు కూడా రండి, గది చూద్దురుగాని,” అంటూ కవలల తల్లిని భుజం మీద చెయ్యి వేసి నడిపించింది. నర్సు ఆఖరున కదిలింది. కదిలే ముందు ఇల్లాలి చూపు ఎటు పోతోందో తనూ అటు ఒకసారి చూసింది.

“వదినా, నేను చెప్పడం ఇంకా అవలేదు!” అన్నాడు మరిది వెనకనుంచి.

“నువ్వు చెప్పు. మీ అన్నయ్య వింటారు.”

అన్నయ్య నిజంగానే దగ్గరికి వచ్చి, నడుం మీద చేతులు పెట్టుకుని, వినడానికి నిలబడ్డాడు. సరిగ్గా ఆ నోటి కింద.

పెద్ద చప్పుడేం కాలేదు. సీసా బిరడా ఊడినట్టు మూలలో ‘టప్’ అంది. దానికి జవాబిచ్చినట్టు ఎదురు మూలలో ఇంకో ‘టప్’. తరవాత నవ్వే ఆడమనిషి, మధ్యాహ్నంనుంచీ ఆపుకున్నదంతా ఒక్కసారిగా అన్నదమ్ముల నెత్తిన కక్కేసింది. పైపులు ఒకదాని వెంట ఒకటి గచ్చు మీద దొర్లాయి. ఫ్లెక్సీ ఇద్దరి మీదా దుప్పటిలా కప్పుకుంది. అది లోపలినుంచి కాసేపు కొట్టుకుంది. పైకి తెల్లవైపే. చివరికి అంచు ఎత్తుకుని భర్త తల బయటికి వచ్చింది. పక్కనుంచి మరిది తల.

మేడ మీద కిటికీ తెరుచుకుంది. “నా గోడకేమైనా అయిందా?”

“లేదండీ,” అన్నాడు భర్త ముక్కులోంచి నీళ్ళు కారుస్తూ.

కిటికీ మూసుకుంది.

ముందు గదిలో పిల్లలు ఈ వింతని కిటికీలోంచి చూసి చప్పట్లు కొట్టారు. కవలల్లో ఒకతె, “మళ్ళీ!” అంది. వాళ్ళమ్మ చీర కొంగు నోటికి అడ్డం పెట్టుకుని, భుజాలు ఊగిపోతుంటే గోడ వైపు తిరిగి నిలబడింది.

నర్సు నవ్వలేదు. “వాళ్ళకి దెబ్బలేం తగల్లేదు. పైపులు తేలిక,” అంది కిటికీలోంచి చూసి. ఆ తరవాత ఇల్లాలి వైపు తిరిగింది. “అది జారుతోందని మీకు ఎప్పుడు తెలిసింది?”

“వాన వెలిసినప్పటినుంచీ.”

“మమ్మల్ని లోపలికి పిలిచారు. వాళ్ళని పిలవలేదేం?”

ఇల్లాలు లోపల లెక్క వేసుకుంది. ‘కంగారులో తోచలేదండీ’ అనొచ్చు. అబద్ధమే అయినా ఎవరూ తప్పు పట్టరు. కానీ కంగారు పడే మనిషికి పిల్లల్ని ఎవరు వదులుతారు? నిజం చెబితేనో, చూస్తూ చూస్తూ మొగుణ్ణి నీళ్ళ కింద నిలబెట్టిన మనిషికి ఎవరు వదులుతారు? గోడ వారగా పేర్చిన పలకలు కనపడ్డాయి. వాటి మీద రంగు డబ్బాలూ కనపడ్డాయి.

“పిలిచానండీ,” అంది. “జిగురు వెయ్యమన్నాను, వాలు పెట్టమన్నాను, ఇందాక నీళ్ళు వంపమన్నాను. పెద్దవాళ్ళకి చెప్పడం వరకే నా పని. పిల్లలకైతే చెప్పి ఊరుకోను.”

“మావాడు మాట వినడు.”

“ఇందాక వినలేదుగా. ఎత్తుకొచ్చాను.”

నర్సు కొడుకు వైపు చూసింది. వాడు గోడకి అంటించిన కాగితం మీద ఎర్ర సుద్దముక్కతో పెద్ద నోరు గీసి, దాన్ని పళ్ళతో నింపుతున్నాడు. ఆవిడ పెదవి కొస కొంచెం వంగింది. అది నవ్వో కాదో తేల్చుకునేలోపే తిన్నగా అయిపోయింది.

“ఎండ పూర్తిగా తగ్గేదాకా బయటికి తేకండి. ఆ గుమ్మానికి అడ్డు ఏదైనా పెట్టించండి. కన్ను మూసి తెరిచేలోగా వీడు రోడ్డు మీదుంటాడు. అడ్డు పెట్టాక కబురు చెయ్యండి, ఆ మర్నాటినుంచే పంపిస్తాను.”

“మావాళ్ళు ఇప్పుడే వచ్చేట్టు లేరు,” అంది కవలల తల్లి కళ్ళు తుడుచుకుంటూ. “నేను కూడా పంపిస్తానండీ. ఆ పందిరి మళ్ళీ ఎప్పుడు వేస్తారో మాత్రం ముందే చెప్పండి, మా ఆయన్ని కూడా తీసుకొస్తాను.”

వాళ్ళు వెళ్ళేసరికి అన్నదమ్ములు బట్టలు మార్చుకున్నారు. తడిసిన చొక్కాలు రెండూ మరిది చేసిన స్టాండు మీద ఆరేశారు. అది కూలింది.

“గాలి వల్ల,” అన్నాడు మరిది పందిరి గురించి. ఆకు కూడా కదలని సాయంత్రం అది. “ఒక పక్క అట్టముక్క తడిసి మెత్తబడింది. అన్నయ్య అట్ట బదులు చెక్క పెట్టి ఉంటే...”

“నువ్వు అట్ట సరిపోతుందన్నావు కదరా!”

“నేనా? నువ్వే అన్నావు.”

వాళ్ళని అలా వదిలేసి ఆమె మేడ ఎక్కింది. ఇంటావిడతో రెండు ముక్కలు మాట్లాడింది. గుమ్మం చెక్కకయితే తనకి అభ్యంతరం లేదని, గోడ మాత్రం ముట్టుకోవద్దని ఇంటావిడ అంది. దిగి వచ్చి, అటక మీదనుంచి మామగారి రేకు డబ్బా దించింది. ఫ్రిజ్‌లోంచి జిగురు డబ్బా తీసింది. మూడేళ్ళ చలికి మూత బిగుసుకుపోయింది; గరిటె కాడతో తిప్పితే ఊడింది. గచ్చు మీద దొర్లుతున్న పైపుల్లోంచి తిన్నగా ఉన్నవి ఏరుకుంది. నిలువు పైపులన్నీ ఒకే టేపుతో, ఒకే చివరనుంచి కొలిచింది. కోసింది. జిగురు రాసి, దూర్చి, బిగుసుకునేదాకా పట్టుకుంది.

మరిది చూస్తూ ఉండలేకపోయాడు. “వదినా, జిగురు పెట్టేస్తున్నావు! ఇక విప్పలేం!”

“విప్పకుండా ఉండటానికే.”

“ఇల్లు మారితే?” అన్నాడు భర్త, తుండుతో చెవి తుడుచుకుంటూ.

“మారితే ఇది ఇక్కడే ఉంటుంది. మీరు కట్టగట్టుకుని వెళ్ళండి.”

మామగారు తిన్నగా చేసి దాచిన మేకుల్లోంచి నాలుగు ఏరి, గుమ్మం చెక్కకి తలుపు కీలుపట్టీలు బిగించింది. తొమ్మిదేళ్ళలో ఆ ఇంట్లో సుత్తి చప్పుడు అదే మొదలు. మొదటి దెబ్బకి అన్నదమ్ములిద్దరూ ఒకేసారి కళ్ళు మూసుకున్నారు, మేకు తమలోకే దిగినట్టు.

నడుం ఎత్తు తలుపు అది. నర్సుకి కబురు వెళ్ళింది. మర్నాడు ఆవిడ కొడుకు వచ్చీ రాగానే దాన్ని రెండు చేతులా పట్టుకుని ఊపాడు, కాళ్ళతో తన్నాడు, నోటితో కొరికాడు. అది కదల్లేదు. వాడు విసుగెత్తి సుద్దముక్కల దగ్గరికి వెళ్ళిపోయాడు.

సాయంత్రం ఆఫీసునుంచి వచ్చిన మరిది, అదే సమయానికి అటువైపు వెళుతున్న ఇస్త్రీ అతన్ని చెయ్యి పట్టి ఆపాడు. తలుపు మీద అరచేత్తో రెండు దెబ్బలు వేసి చూపించాడు. “చూశావా ఎంత గట్టిగా ఉందో? నా పైపులే. నేనెప్పుడూ చెబుతూనే ఉన్నాను, మెటీరియల్ ముఖ్యమని.”

ఇల్లాలు లోపల పిల్లల చేతులు కడుగుతోంది. ఆ మాట విని, లేచి వచ్చింది. మరిది పక్కకి జరిగి, లోపలికి రావడానికి తలుపు తోశాడు. ఆమె ఇవతలనుంచి గొళ్ళెం వేసింది.

“వెనక వైపునుంచి రా మరిదిగారూ,” అంది. “ఇది పిల్లల కోసం పెట్టింది. విప్పడం కుదరదు.”

అతను చెప్పుల స్టాండు మీద చెప్పులు విడిచాడు. అది వినయంగా వంగి, వాటిని తిరిగి అతని కాళ్ళ దగ్గరే పెట్టింది.